పులుసు సముద్రంలో గాలిగుట్ట

మధ్యాహ్నం రెండు గంటల వేళ, శబరి ఏటి ఒడ్డున కొంటా ఊళ్ళో కాశీవిశ్వనాథం గారి కిరాణా దుకాణం వెనక, ఎనిమిదో సముద్రం పుట్టింది.

పురాణాలు లెక్కపెట్టినవి ఏడే. ఉప్పు, చెరకురసం, పాలు, పెరుగు అంటూ వెళ్ళి అక్కడితో ఆగిపోయాయి. చింతపండు సంగతి ఎవరికీ తట్టలేదు. ఆ లోటు తీర్చిన మహనీయురాలు అమ్ము. వయసు పదకొండు. దుకాణం వారి పెద్దమ్మాయి. చింతపండు ఆరబోసే సిమెంటు గచ్చు మీద నీలం సుద్దతో అలలు గీసి, "ఇది పులుసు సముద్రం!" అని ప్రకటించింది.

సముద్రంలో ఓడలు రెండు. సబ్బుల అట్టపెట్టె తమ్ముడు పండుది. చిరిగిన చేట సన్నేది. సన్నే అమ్ము క్లాసే. సన్నే వాళ్ళ అవ్వ సోమి, గచ్చు పక్కనే దుకాణం వసారాలో కూర్చుని అడ్డాకుల విస్తర్లు కుడుతుంది.

"ఇదేం సముద్రం అక్కా? ఒక్క మొసలి కూడ లేదు. భయమే అయితలేదు," అన్నాడు పండు.

సృష్టికర్తకు ఇంతకు మించిన అవమానం లేదు. అమ్ము చుట్టూ చూసింది. వసారాలో విస్తర్ల కట్ట. కట్ట మీద నల్లని గుండ్రాయి. సోమవ్వ నీళ్ళకోసం బోరింగు దగ్గరికి వెళ్ళింది.

"నావికులారా, కళ్ళు మూసుకోండి!"

నావికులు మూసుకున్నారు. అమ్ము రెండు చేతులా రాయి ఎత్తుకొచ్చి, సముద్రం నడిమధ్యన పెట్టి, నాన్న ఎర్ర తుండు కప్పింది.

"తెరవండి! ఇదే గాలిగుట్ట. నలభై తొమ్మిది గాలులు దీని కింద బందీగా ఉన్నయి. దీన్ని జాగా నుంచి కదిపితే అన్నీ ఒక్కసారే బయటికొస్తయి. ఓడలు గల్లంతు!"

"మరి ఎవరు కదుపుతరు?" అంది సన్నే, కళ్ళు పెద్దవి చేసి.

"మూర్ఖులు," అంది అమ్ము గంభీరంగా.

ఓడలు బయలుదేరాయి. గుట్టకు జానెడు దూరంలో, ఊపిరి బిగబట్టి, ఒక చుట్టు తిరిగాయి. రెండో చుట్టు తిరిగాయి. మూడో చుట్టులో శబరి ఏటి వైపు నుంచి నిజమైన గాలి లేచింది.

ముందు దుమ్ము వచ్చింది. తరవాత ఒక విస్తరి తేలుతూ వచ్చింది. ఆ తరవాత పది. ఆ తరవాత మంద!

"గాలులొచ్చినయ్! అక్కా, నిజంగనే వచ్చినయ్!" పండు గంతులు వేశాడు.

"జల్దీ! పట్టుకో!" సన్నే కేక పెట్టింది.

ముగ్గురూ పరుగు తీశారు. ఒక విస్తరి రేకుల కప్పు ఎక్కింది. రెండు ముళ్ళకంచెకు చిక్కాయి. ఒకదాన్ని పక్కింటి మేక రుచి చూసింది. మరొకటి రోడ్డు దాటి, సుక్మా బస్సు పైకెక్కి, టికెట్టు లేకుండా వెళ్ళిపోయింది.

అమ్ముకు ఒళ్ళు పులకరించింది. తను అన్న మాట ఇట్టే నిజమైంది! మునీశ్వరులకు కూడా ఇంత త్వరగా ఫలించదు.

అప్పుడే సోమవ్వ బిందెతో వచ్చింది. ఖాళీ అయిన వసారా చూసి, బిందె దించి, అక్కడే కూలబడింది.

"రాయి పెట్టకుండనే పోయిన్నా ఏంది? రేపు పొద్దుగాల బస్సుకు ఎర్రబోరు పెళ్ళికి పంపాలె. రెండు నూర్ల విస్తర్లాయె. మొన్న కొడవలి మరిచిన, ఇయ్యాల రాయి. నా బుర్ర పోయింది." సోమవ్వ నుదురు కొట్టుకుంది.

"నీ తప్పు కాదవ్వా," అంది సన్నే. "గాలిగుట్ట చేసింది."

అమ్ము గుట్ట వైపు చూసింది. ఎర్ర తుండు కింద గుట్ట నిశ్శబ్దంగా ఉంది. రాళ్ళకు చాడీలు చెప్పే అలవాటు లేదు. అమ్ము కూడా మాట్లాడకపోతే, ఆమె కీర్తి దోర్నపాల్ దాకా పాకుతుంది.

సోమవ్వ మళ్ళీ నుదురు కొట్టుకుంది.

అమ్ము తుండు లాగేసింది.

"నువ్వేం మరిచిపోలే సోమవ్వా. రాయి నేనే తీసిన. నిన్ను అడగలే."

సన్నే నోరు తెరిచింది. పండు రాయిని చూశాడు, అక్కను చూశాడు. "అయితే అక్కా, మూర్ఖులెవరు?"

అమ్ము చెవులు ఎర్రబడ్డాయి.

"రాయి నీకెందుకే బిడ్డా?" అంది సోమవ్వ.

"గాలులు లేవకుండ ఆపనీకి."

సోమవ్వ నీలం అలల కేసి చూసింది. "ఈడ గూడ అది ఆ పనే జేస్తుండె గదా!" అని, ఆపుకోలేక నవ్వేసింది.

నవ్వితే పెళ్ళి పని పూర్తవదు. ముగ్గురూ ఏరుకొచ్చిన వాటిలో నలభై చిరిగాయి. సోమవ్వ పుల్లలు విరిచి కొత్తవి కుట్టసాగింది. అమ్ము కప్పుల మీదా కంచెల్లోనూ వెతికి, దుమ్ము దులిపి, నలగని వాటిని కట్టగా పేర్చి, పైన రాయి పెట్టింది.

కొత్త విస్తర్లు ఇంకో కట్ట అయ్యాయి. పచ్చి ఆకులు. అదిమి పెట్టకపోతే అంచులు ముడుచుకుంటాయి. రాయి మాత్రం ఒకటే.

అమ్ము చేతులు కడుక్కొచ్చింది. "సోమవ్వా, దీన్ని నేను పట్టుకోవచ్చా?"

సోమవ్వ తల ఊపింది. అమ్ము రెండు అరచేతులూ కట్ట మీద ఆనించి కూర్చుంది.

"అక్కా, సముద్రంలోకి రా! గుట్ట లేదు, మజా వస్తలేదు," అని పిలిచాడు పండు.

"ఉంది. నేనే గుట్టని. ఓడలు ఇటు తిప్పండి."

అట్టపెట్టె, చేట వసారా దాకా వచ్చి, ఆమె చుట్టూ తిరగసాగాయి. ఈగ వచ్చి ముక్కు మీద వాలింది. ఎడమ కాలు తిమ్మిరెక్కింది.

శబరి వైపు నుంచి మళ్ళీ గాలి లేచింది. సుద్ద అలల మీద దుమ్ము రేగింది. అమ్ము జడ ఎగిరింది, రిబ్బను ఊడి ముళ్ళకంచె దాటిపోయింది.

గుట్ట కదలలేదు.