కెప్టెనమ్మ గొంతు

భీమిలి ఒడ్డున ఇసకలో తాబేలు కదలకుండా కూర్చుంది.

నిజం తాబేలు కాదండోయ్. డాక్టర్ పైడిరాజు గారు ఏళ్ల తరబడి కష్టపడి తయారుచేసిన రోబో పడవ. పైన గుండ్రటి డిప్ప, కింద నాలుగు కాళ్లు. నీళ్లలో దిగితే ఆ కాళ్లే తెడ్లవుతాయి. తుఫానొచ్చి సెల్ టవర్లు నేలకూలినా సరే, సముద్రంలోకి పోయి మునిగిపోతున్న మనుషుల్ని వీపునెక్కించుకుని ఒడ్డుకు తెస్తుంది.

తేవాలి. ఇవాళ మాత్రం కదలడం లేదు.

దాని ముందు వెండిరంగు సూట్ వేసుకుని నిలబడ్డావిడ శర్వాణి. "గగన నావ" సీరియల్లో కెప్టెన్ తార అంటే తెలియని ఇల్లుండేది కాదు. చంద్రుడి మీద దిగినా, తోకచుక్క మీద మంటలార్పినా ఆవిడే.

"తాబేలూ, నీళ్లలోకి దిగు," అంది శర్వాణి మళ్లీ.

తాబేలు నుదుటి మీద దీపం ఎర్రగా వెలిగి ఆరిపోయింది. ఈ గొంతు నాకు తెలియదు పొమ్మని దానర్థం.

ఎవరు చెబితే వాళ్ల మాట వినేలా చేయొచ్చు కదా అని మీకు తోచవచ్చు. తుఫానులో వెయ్యిమంది ఒక్కసారే ఇటు రా, అటు పో అని అరుస్తారు. అందరి మాటా వింటే యంత్రం గింగిరాలు తిరుగుతుంది. అందుకని దానికి ఒక్క గొంతే నేర్పాలి. ఆ గొంతు గాలిహోరులో, పేలుళ్ల మధ్య, ఏడుస్తూ, రొప్పుతూ ఆజ్ఞలిచ్చినప్పుడు ఎలా ఉంటుందో ముందే వినిపించాలి. అన్ని రకాల ఆజ్ఞలు అన్నిసార్లు ఇచ్చిన ఆడమనిషి మన దేశంలో ఇంకెవరున్నారు? పైడిరాజు గారు "గగన నావ" ఎపిసోడ్లన్నీ కంప్యూటర్లో పోసి తాబేలుకు నేర్పేశారు.

శర్వాణికి ఈ ఉద్యోగం దేవుడిచ్చిన వరంలా దొరికింది. సీరియల్ అయిపోయాక అత్తగారి వేషాలకు తిరగని ఆఫీసు లేదు. మీరు పూజగదిలోంచి బయటికొస్తుంటే రాకెట్లోంచి దిగినట్టుందమ్మా అని ఒక డైరెక్టర్ మొహం మీదే అనేశాడు. ఇవాళ్టి ట్రయల్ నెగ్గితే ప్రతి తుఫానుకీ ఒడ్డున నిలబడి ఆజ్ఞలిచ్చే పని. నెగ్గకపోతే ఆ వెండి సూట్ పెట్టెలో పెట్టి సొంతూరు హాసన్‌కు బస్సెక్కాల్సిందే.

ఆవిడది కన్నడ దేశం. అసలు తిరకాసు అక్కడే ఉంది. ఒత్తులున్న తెలుగు మాట వస్తే చాలు నాలుక మెలిపడేది. సెట్లో డైలాగు గుర్తురానప్పుడు "ననగె హసివాగ్తిదె" అని, అంటే నాకాకలేస్తోందని, కళ్లెర్రజేసి అనేసేది. తరవాత డబ్బింగ్ థియేటర్లో అరుంధతి అనే తెనాలి ఆవిడ ఆ పెదవులకు సరిపోయేలా "ఇంజన్లు పేల్చండి" అని చెప్పేది. ఈ సంగతి పైడిరాజు గారు ఏ డబ్బింగ్ థియేటర్లో అడిగినా చెప్పేవారు. ఆయన ఎవర్నీ అడగలేదు. శర్వాణేమో, ఇప్పుడు తెలుగు బాగానే వచ్చుగా, యంత్రానికేం తెలుస్తుందిలే అనుకుని ఊరుకుంది. ధైర్యం చాలక అరుంధతిని తోడు తెచ్చుకుంది.

ఆ అరుంధతి గొడుగు కింద కూర్చుని ముంత మసాలా తింటోంది. ఎండకు విసుగొచ్చి, నోట్లో మరమరాలతోనే అంది.

"దిగవే తల్లీ, ఎంతసేపు బతిమాలించుకుంటావు?"

దీపం పచ్చగా వెలిగింది. తాబేలు జరజరా నీళ్లలోకి దిగిపోయింది.

పైడిరాజు గారు ఇద్దర్నీ మార్చి మార్చి చూశారు.

"కెప్టెన్ తార గొంతు మీది కాదా?"

"కాదండి. మొహం మాత్రం నాదే," అంది శర్వాణి తలొంచుకుని.

ఆయన మంచి మనిషే, కోప్పడలేదు. కానీ యంత్రానికి కావలసింది గొంతే కదమ్మా, మొహంతో దానికేం పని అని నెమ్మదిగా అన్నారు. శర్వాణి వెండి చేతితొడుగులు ఊడదీసింది. అరుంధతికి నోట్లో మసాలా చేదెక్కింది.

ఈలోగా తాబేలు అలలు దాటి పడవను చేరింది. అందులో నూకరాజు అనే పెద్దవయసు జాలరి, మునిగిపోతున్నవాడి వేషంలో, పొద్దుట్నుంచి కూర్చునున్నాడు. తాబేలు తల మీద చిన్న తెరుంది. ఒడ్డున కెమెరా ముందు మాట్లాడేవారి బొమ్మ అందులో కనిపిస్తుంది. నూకరాజు గారూ, భయపడకుండా ఎక్కండి అని అరుంధతి మైకులో చెప్పింది.

నూకరాజు తెరకేసి అనుమానంగా చూశాడు. రేడియోలో జవాబొచ్చింది.

"ఎవులమ్మా నువ్వు? మా కేప్టెనమ్మ గొంతు నీకెలగొచ్చింది? నానెక్కను. ఆయమ్మొచ్చి సెప్పాల."

అరుంధతి నచ్చజెప్పింది, పైడిరాజు గారు బతిమాలారు. నూకరాజు పడవలో బాసింపట్టు వేసుకుని బీడీ ముట్టించాడు. వేషానికే ఇలా ఉంటే నిజం తుఫానులో మనుషులు ఎక్కేదెలా అని ట్రయల్ చూడ్డానికొచ్చిన అధికారులు గుసగుసలు మొదలెట్టారు.

అరుంధతి లేచి శర్వాణి చెయ్యి పట్టుకుని కెమెరా ముందుకు లాగింది. తను మైకు తీసుకుని ఆవిడ వెనకాల గొంతుక్కూర్చుంది.

"నువ్వు ఏదో ఒకటి అనవే. మిగతాది నేను చూసుకుంటాను."

శర్వాణి గడ్డమెత్తింది. కళ్లెర్రజేసింది. ఆకలి నిజంగానే దంచేస్తోంది కనక ఆ ముక్కే కన్నడంలో, మైకుకు అందకుండా అంది. తెరమీద కెప్టెన్ తార పెదవులు కదిలాయి.

"నూకరాజూ, నావలోకి ఎక్కు," అంది అరుంధతి గొంతు.

నూకరాజు బీడీ సముద్రంలో పారేసి తాబేలు మీదకు ఒక్క దూకు దూకాడు.

యంత్రం గొంతు వింటుంది, మనుషులు మొహం వింటారు. ఈ రెండో సంగతి పైడిరాజు గారి లెక్కల్లో లేదు. ఆ సాయంత్రమే ఇద్దరికీ ఉద్యోగాలు ఖాయం చేశారు.

ఒడ్డుకు చేరిన నూకరాజు చేతులు జోడిస్తే, శర్వాణి మురిసిపోయి చాలా సంతోషమండీ అని సొంత గొంతుతో అనేసింది. అతడి మొహం వాడిపోయింది.

"అయ్యో, జలుబు సేసిందేటమ్మా? తగ్గీదాకా మాటాడకండి."

మర్నాటికల్లా కెప్టెనమ్మకు గొంతు పట్టేసిందని తీరమంతా తెలిసిపోయింది. ఇప్పటికీ భీమిలి జాలరిపేటలో ఏ ఇంట్లో మిరియాల కషాయం కాచినా ఒక గ్లాసు ఆవిడకు వస్తుంది. శర్వాణి చెయ్యి చాచేలోపే అరుంధతి అందుకుంటుంది.

"ఇలా తే. గొంతు నాది," అని గటగటా తాగేస్తుంది.