లాకుల దగ్గర బేరం

పెడన దాటాక కాలవ మీద పాడుబడ్డ లాకులున్నాయే... చీకట్లో చేపలతో అటు వెళ్లారో, ఇక అంతే! ఎవరో ఆడమనిషి గొంతు వెనక నుంచి పిలుస్తుందట. పలికితే మనిషి దక్కదట. అందుకే గిలకలదిండి చేపలోళ్లు పెట్టెలో ఇనుప మేకు వెయ్యందే బండి తియ్యరు. ఇనుముంటే అది దగ్గరికి రాలేదు. దూరం నుంచి పిలవడమే.

వెంకాయమ్మ రోజూ ఆ దారినే గుడివాడ వెళ్లేది. తెల్లారకముందే హార్బర్లో వేలంపాటకెళ్లి చేపలు కొని, టీవీఎస్ బండి వెనక ఐసు పెట్టె కట్టుకుని. ఒకప్పుడు ఆవిడ కేకేస్తే వీధి వీధంతా గుమ్మాల్లోకి వచ్చేది. బేరాలు, దెబ్బలాటలు, "కూర్చో, టీ తాగి వెళ్దువు" అనడాలు... ఇప్పుడేవీ? అపార్ట్‌మెంట్ వాట్సాప్ గ్రూపులో ఆర్డరు. తలుపుకి కవరు తగిలించి రావాలి. డబ్బులు ఫోన్లోకే. మొహం చూసే నాథుడు లేడు. ఇంటికొస్తే కొడుకూ కోడలూ చెరో ఫోనూ.

"నేను బతికున్నానో లేదో నాకే డౌటొస్తోంది వదినా," అంది ఓ రోజు పక్కింటి కోటమ్మతో.

ఆ మర్నాడే... లాకుల దగ్గర...

"వెంకాయమ్మా... ఇవాళ చేపలేమున్నాయి?"

పైప్రాణాలు పైనే పోయాయి. పలకలేదు. బండి జోరు పెంచింది.

"మోకాలి నొప్పి... తగ్గిందా అమ్మా?"

ఇంటికొచ్చి కోటమ్మకు చెబుతూ భోరుమంది.

"భయపడ్డావా, పిచ్చిదానా?"

"భయం కాదు వదినా..." గొంతు తగ్గించింది. "ఇన్నాళ్లలో నా మోకాలి సంగతి అడిగిందెవరు చెప్పు?"

"నోర్ముయ్! రేపట్నుంచి ఇంకో మేకు కూడా వేసుకో."

మర్నాడు కోటమ్మ వాకిలి ఊడవడానికి లేచేసరికే బండి వెళ్లిపోయింది. వెంకాయమ్మ అరుగు మీద మేకు కనిపించింది. మర్చిపోయింది కాదు — శుభ్రంగా తుడిచి, పక్కన పెట్టి మరీ వెళ్లింది.

పొద్దెక్కాక లాకుల దగ్గర బండి దొరికింది. స్టాండు వేసే ఉంది. మనిషి లేదు. కాలవంతా గాలించారు... లేదు.

చేపల కోసమే దెయ్యం పట్టుకుపోయిందన్నారు జనం. ఏం చేపలండీ, నా మొహం! మూత తీస్తే పండుగప్పలు, చందువాలు సర్దినవి సర్దినట్టే ఉన్నాయి. పాపం, దానికీ కావలసింది చేపలు కాదు.

హ్యాండిల్‌కి తగిలించిన సంచీలో ఫోను టింగు టింగుమంటోంది. వెతికేవాళ్లతో వచ్చిన కోటమ్మ తీసి చూసింది. అపార్ట్‌మెంట్ గ్రూపు.

"ఈరోజు చేపలు రాలేదేంటి?"

"వేరే ఎవరి నంబరైనా ఉంటే పెట్టండి."

ఎవరో నంబరు పెట్టారు. దాని కింద వరసగా థాంక్యూలు.

వెంకాయమ్మ ఏమైందని ఒక్కరు... ఒక్కరంటే ఒక్కరు అడగలేదండీ.