గంబావి సొరంగంలో తట్టేవాళ్లు

గంబావి సొరంగం ముందు ఎవరూ ఈల వెయ్యరు.

వేస్తే లోపలి నుంచి జవాబు వస్తుందంటారు. టక్… టక్… టక్. మూడుసార్లు. కాస్త ఆగి — మళ్ళీ మూడుసార్లు.

మా కొండల్లో బొగ్గు గనులు మూతపడి చాలా కాలమైంది. బొగ్గు బళ్లు నడిచిన ఆ సొరంగం మాత్రం నోరు తెరుచుకుని అలాగే ఉంది. లోపల రెండువందల అడుగుల దూరంలో అడ్డంగా ఒక సిమెంటు గోడ. నలభై మూడేళ్ల కిందట కప్పు కూలినప్పుడు గోడకి అవతల ఏడుగురు ఉండిపోయారు. తట్టేది వాళ్ల దెయ్యాలేనని ఊరంతా అంటుంది. నేను ఈ దేశం వచ్చి పంతొమ్మిదేళ్లు. మా పిల్లలు అటువైపు సైకిళ్లు తొక్కకుండా నేనూ ఆ దెయ్యాల పేరే వాడుకున్నాను. అలా చెప్పి ఉండకూడదని కిందటి మార్చిలో తెలిసింది.

జరిగింది నేను చూడలేదు. అక్కడ వంట చేసిన మల్సన్ పిన్ని, సౌండ్ రికార్డు చేసిన ఒక్‌జిన్, ఇద్దరూ వేర్వేరుగా చెప్పింది చెబుతున్నాను. వాళ్ల మాటలు కలవని చోట ఆ సంగతీ చెబుతాను.

ఆ మార్చిలో సొరంగానికి సినిమావాళ్లు వచ్చారు. బస్సులో పోతున్న మామూలు మనుషుల మీద సొరంగం కూలుతుంది, వాళ్లు ప్రాణాలతో ఎలా బయటపడ్డారన్నది కథ. ఇక్కడ అలాంటివి విరగబడి చూస్తారు. మా ఇంట్లోనూ అంతే.

డైరెక్టర్ పేరు యోమ్. మొదటిరోజు ఇక్కడి ఆచారం ప్రకారం సొరంగం ముందు పందితల పెట్టి, బియ్యపు కల్లు పోసి, అందరూ సాగిలపడి మొక్కారు. షూటింగులో దెయ్యం జాడ తెలిస్తే ఆ సినిమా తిరుగులేని హిట్టని వాళ్ల నమ్మకం. అందుకే యోమ్ ఏరికోరి గంబావికి వచ్చాడు.

మూడోరోజు… బయట మిట్టమధ్యాహ్నం. లోపల పాతిక అడుగులు వేస్తే రాత్రే.

సిమెంటు గోడకి కాస్త ఇవతల థర్మోకోల్ రాళ్లతో ఎత్తుగా ఒక గుట్ట కట్టారు. సందులోంచి చూస్తే దాని వెనక ఒక శవం కనబడాలి. శవం వేషానికి మా ఊరి ప్యో దొక్సు కుదిరాడు. ముప్ఫయ్యేళ్లు బస్సు నడిపి రిటైరైన మనిషి.

"చెప్పేదాకా కదలొద్దు బాబాయ్," అన్నారు.

"కదలకుండా పడుకోవడమేనా? మా ఆవిడ ఇన్నాళ్లూ తిట్టింది దీనికే," అన్నాడట.

లైట్లు వెలిగాయి. దుమ్ము చిమ్మే గొట్టాలు పేలాయి. సొరంగం సొరంగమంతా అదిరింది. యోమ్ సంతోషపడిపోయి, భోజనానికి వెళ్లమన్నాడు.

ఒక్‌జిన్ మాత్రం నలుగురైదుగురిని ఆపాడు. సీను అయ్యాక ఆ చోటి మౌనాన్ని ఒక నిమిషం రికార్డు చెయ్యాలి. అది అతని పని. అందరూ ఊపిరి బిగబట్టి నిలబడ్డారు. అతను హెడ్‌ఫోన్ పెట్టుకుని కళ్లు మూసుకున్నాడు.

ఇరవై సెకన్లు… ముప్ఫై…

టక్.

టక్.

టక్.

ఒక్‌జిన్ కళ్లు తెరిచాడు. హెడ్‌ఫోన్ తీసి యోమ్ చెవులకి పెట్టాడు. యోమ్ మొహం తెల్లబడింది. తర్వాత మెల్లగా నవ్వాడు.

"వచ్చారు," అన్నాడు గుసగుసగా. "మన సినిమాకి వచ్చారు."

సొరంగం బయట వంటబండి దగ్గర అంతా పండగలా ఉంది. మల్సన్ పిన్ని ఎండు ఆకుకూర పులుసు వడ్డిస్తోంది. ఆవిడది ఈ ఊరే, గని కార్మికుడి కూతురు. ఎవరి పళ్లెంలోనూ అన్నం నాలుగు గరిటెలు పెట్టదు. మూడు పెడుతుంది, లేకపోతే ఐదు. ఇక్కడి భాషలో నాలుగు అన్నా చావు అన్నా ఒకేలా వినబడుతుంది.

"పిన్నీ, ఐదు పెట్టు. సినిమా హిట్టు," అన్నాడొకడు. "దెయ్యం తట్టింది."

"ఎన్నిసార్లు?"

"మూడు. ఆగి, మళ్ళీ మూడు."

పిన్ని చేతిలో గరిటె ఆగిపోయింది. వెనక్కి తిరిగి పళ్లేల దొంతర చూసింది. యాభై రెండు తెచ్చింది. ఒకటి మిగిలింది.

"ఎవరు తినలేదు?"

"వెళ్లిపోయుంటాడులే, ఎవరో ఎక్స్‌ట్రా."

"వేడి అన్నం ఊరికే పెడుతుంటే వదిలేసి పోయే ఎక్స్‌ట్రా ఇంకా పుట్టలేదురా. ఎవరు?"

ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. చివరికి ఎవరో అన్నారు — శవం బాబాయికి లెమ్మని చెప్పారా?

ఎవరూ చెప్పలేదు.

పిన్ని గరిటె పట్టుకునే లోపలికి నడిచింది. వెనకాలే యోమ్.

"పిన్నిగారూ, ఆయన ఏ మూలో నిద్రపోతుంటాడు. ఆ చప్పుడు వేరు. వాళ్లని కదిలించకండి, మన మంచికే వచ్చారు."

పిన్ని ఆగలేదు. నడుస్తూనే చెప్పింది, గొంతు పెంచకుండా.

"నాకు తొమ్మిదేళ్లు. మా నాన్న ఆ గోడకి అవతల ఉన్నాడు. మూడుసార్లు తట్టి, ఆగి, మళ్ళీ మూడుసార్లు తడితే గనిలో ఒకటే అర్థం — ఇక్కడ మనుషులం ఉన్నాం అని. ఆరు రోజులు తట్టారు. మొదట రాయి సర్దుకుంటోందన్నారు గని పెద్దలు. మూడోరోజుకి దెయ్యాలన్నారు. ఏడోరోజు ఆ గోడ కట్టారు." ఒక్క అడుగు ఆగింది. "బతికున్నవాడికి దెయ్యమని పేరు పెడితే తవ్వే పని తప్పుతుంది బాబూ."

గుట్ట దగ్గరికి వచ్చేశారు.

ఆవిడ గుట్టని రెండు చేతులా లాగింది. థర్మోకోల్ రాళ్లు తేలిగ్గా దొర్లాయి.

"సెట్టు పాడైపోతోంది…" అన్నారు వెనక ఎవరో.

ఇంకొకటి లాగింది. ఇంకొకటి. తర్వాతది రాలేదు. అరచెయ్యి ఆనించింది. చల్లగా, తడిగా ఉంది.

థర్మోకోల్ తడిగా ఉండదు.

చలికాలమంతా గడ్డకట్టి ఉన్న నీరు కరిగి, కప్పు వదులైంది. గొట్టాలు పేలినప్పుడు వచ్చిన అదురులో సగం కప్పుదే. అబద్ధపు రాళ్ల వెనక నిజం రాళ్లు పడ్డాయి. దుమ్ములో రెండూ ఒక్కలాగే కనిపించాయి.

పిన్ని వంగి గరిటెతో బొగ్గు బళ్ల పాత ఇనప పట్టా మీద కొట్టింది. మూడుసార్లు.

నిశ్శబ్దం…

టక్. టక్. టక్.

ఈసారి ఎవరికీ హెడ్‌ఫోన్ అక్కర్లేకపోయింది.

ఫైరువాళ్లకి ఫోన్ చేస్తే యాభై నిమిషాలన్నారు. పైనుంచి చిన్న చిన్న రాళ్లు రాలుతున్నాయి. అందర్నీ బయటికి పొమ్మన్నాడు యోమ్. అది తప్పు మాట కాదు. ఆ స్థానంలో ఉంటే నేనూ అదే అనేదాన్ని.

"మీరు వెళ్లండి," అంది పిన్ని, రాయి దొర్లిస్తూ. "పిల్లలు గలవాళ్లు అసలు ఉండొద్దు. ఈ తట్టేది ఆగేదాకా నేను కదలను. ఒకసారి నన్ను ఈ చోటు నుంచి ఎత్తుకుపోయారు. తొమ్మిదేళ్లదాన్ని కాబట్టి సాగింది. ఇప్పుడు నన్నెత్తడం కష్టం."

ఆవిడ పక్కన మొదట రాయి పట్టింది యోమ్ అని పిన్ని చెబుతుంది. తనేనంటాడు ఒక్‌జిన్. ఎవరైతేనేం, కాసేపటికి పదకొండుమంది వరసగా నిలబడి రాళ్లు చేతులు మార్చారు. అవతల తట్టడం మధ్యలో ఆగిపోయేది. అందరి చేతులూ ఆగేవి. మళ్ళీ మొదలయ్యేది. మళ్ళీ రాళ్లు కదిలేవి.

ఫైరువాళ్లు వచ్చేసరికి ఒక మనిషి పట్టేంత కంత పడింది. వాళ్లు దూరి, దొక్సుని స్ట్రెచర్ మీద బయటికి లాగారు. మొహమంతా బూడిద, పెదాలు నీలం. ఊపిరి ఉంది.

పిన్ని మోకాళ్ల మీద కూర్చుని ఆయన మొహం తుడిచింది.

"బాగా తట్టావు అన్నయ్యా. అందుకే దొరికావు."

దొక్సు తల అడ్డంగా ఊపాడు.

"నేనెక్కడ తట్టాను…"

దుప్పటి తీసి చూశారు. రెండు చేతులూ మోచేతుల దాకా నలిగిపోయి ఉన్నాయి.

"రాయి కింద ఇరుక్కున్నాయి. వేలు కూడా కదల్లేదు." ఆయన గొంతు వినిపించీ వినిపించనట్టుంది. "నా తల వెనక నుంచి తట్టారు. గోడవైపు నుంచి. మీరే అటుగా తవ్వుకొస్తున్నారనుకున్నాను. కళ్లు మూతలు పడినప్పుడల్లా తట్టారు… నిద్రపోనివ్వలేదు."

అందరూ సిమెంటు గోడ వైపు చూశారు.

ఫైరు ఆఫీసరు అందరికంటే ముందు తేరుకున్నాడు. కప్పు నిలిచేలా లేదు, అందరూ బయటికి, అన్నాడు. స్ట్రెచర్ వెళ్లింది. వెనక సినిమావాళ్లు వెళ్లారు, ఎవరూ వెనక్కి చూడకుండా.

పిన్ని వెళ్లలేదు. ఫైరువాళ్లు పక్కన వదిలిన పార అందుకుని కంతలోంచి అవతలికి దూరింది.

"అమ్మా, మనిషి దొరికాడు. ఇంకెవరూ లేరు," అన్నాడు ఆఫీసరు.

"ఏడుగురున్నారు."

"నలభై మూడేళ్లయిందమ్మా. అవి…"

"అనండి. దెయ్యాలేగా? ఒక ముసలాయన్ని నిద్రపోకుండా కాపాడిన దెయ్యాలు నన్నేం చేస్తాయి?" పార ఎత్తింది. "మా నాన్నని బయటికి తీసుకెళ్లి పాతిపెట్టుకుంటాను. పేరు రాసి. అప్పుడు మూసుకోండి మీ సొరంగం."

టక్… టక్…

మూడోది వినపడకముందే ఆవిడ పార సిమెంటు మీద పడింది.

అవతల తట్టడం ఆగింది. చెవి ఒగ్గి వింటున్నట్టు.

పిన్ని రెండో దెబ్బ వేసింది.