ఇరవై నాలుగో ఆవిడ

మా వీధి మలుపులో ఉన్న ఇనప కరెంటు స్తంభం దగ్గరికి పొద్దుగూకాక ఎవరూ ఒంటరిగా వెళ్లరు. స్తంభం వెనకే ఇమా ఇబెంహల్ ఇల్లు... ఆవిడ పోయినప్పట్నించీ తాళం వేసే ఉంది. ఆ తాళం తీసిన చప్పుడు విన్నామని చెప్పేవాళ్లు మా వీధిలో అరడజను మంది ఉన్నారు.

ఇది నేను కళ్లారా చూసింది కాదు, ముందే చెబుతున్నాను. మా ఆవిడ బినోదిని చెప్పింది. ఆమె అబద్ధం చెప్పదు, కాకపోతే కాస్త ఉప్పూకారం తగిలిస్తుంది. మరి అప్పుడు నేనెక్కడున్నానంటారా? మంచం కింద.

నవ్వకండి. ఇంఫాల్‌లో ఆ రోజులు అలాంటివి. అడవిలో తిరుగుబాటు వాళ్లు, ఊళ్లో సైన్యం. ఎవర్నో వెతుక్కుంటూ రాత్రిళ్లు జీపులొచ్చేవి. వీధిలో ఏ మగాడు కనబడ్డా ముందు వాణ్ణి ఎక్కించుకునేవాళ్లు. అలా ఎక్కినవాళ్లలో కొందరు తిరిగొచ్చేవాళ్లు కాదు. అందుకని కాపలా ఆడవాళ్లది, మంచం కింద చోటు మాది.

జీపు కనబడగానే ఎవరో ఒక ఇమా... ఇమా అంటే మాకు అమ్మ... రాయి తీసుకుని ఆ స్తంభాన్ని బాదేది. ఠంగ్... ఠంగ్... ఠంగ్! అంతే, వీధిలో ఆడవాళ్లందరూ కాగడాలు వెలిగించుకుని పరుగున వచ్చేవాళ్లు. జీపు చుట్టూ నిలబడి, పట్టుకెళ్లడానికి కాగితం ఉందా, చూపించమనేవాళ్లు. కాగితం ఎప్పుడూ ఉండేది కాదు.

ఈ పద్ధతి మా వీధిలో మొదలుపెట్టింది ఇబెంహల్ ఇమా. అంతకు ముందు సారా కొట్లు మూయించింది కూడా ఆమే. తాగినవాడు దొరికితే మెడలో ఖాళీ సీసాల దండ వేసి ఊరేగించేది. ఆమె పోయిన రోజు వీధంతా ఏడ్చింది. తాగేవాళ్లు కొంచెం తక్కువ ఏడ్చారు.

మూడేళ్ల తర్వాత, ఒక చలికాలం... స్తంభం దానంతటదే మోగడం మొదలుపెట్టింది.

ఠంగ్... ఠంగ్... ఠంగ్. సరిగ్గా మూడు దెబ్బలు.

ఆడవాళ్లు కాగడాలతో పరుగెత్తారు. జీపు లేదు. మనిషి లేడు. స్తంభం మొదట్లో రాయి ఒక్కటే ఉంది. బినోదిని వంగి ముట్టుకుంటే... వెచ్చగా ఉంది.

అసలు వణుకు పుట్టించింది అది కాదు. బయల్దేరేటప్పుడొకసారి, తిరిగొచ్చేటప్పుడొకసారి తలలు లెక్కపెట్టుకోవడం వాళ్ల అలవాటు, చీకట్లో ఎవర్నీ లాక్కుపోకుండా. ఆ లెక్క ఇమా మెమ్చాది. వెళ్లేటప్పుడు ఇరవై ముగ్గురు. వచ్చేటప్పుడు...

"ఇరవై నాలుగు," అంది మెమ్చా గొంతు తగ్గించి.

"సరిగ్గా చూడు అక్కా."

"రెండుసార్లు చూశాను."

ఎవరూ వెనక్కి తిరగలేదు. కాగడాలు మాత్రం కొంచెం వేగంగా నడిచాయి.

"ఒకరు తక్కువైతే ఏం చెయ్యాలో తెలుసు. ఒకరు ఎక్కువైతే ఏం చెయ్యాలో మాకెవరూ నేర్పలేదు," అని ఇంటికొచ్చి బినోదిని అంది. నేను మంచం కింద ఇంకొంచెం లోపలికి జరిగాను.

అలా రెండు నెలల్లో తొమ్మిదిసార్లు. ఇబెంహల్ ఇమా పోయినా కాపలా మానలేదని వీధి తేల్చేసింది. పదోసారి మోగేసరికి పది మందే వచ్చారు. పదకొండోసారి ఆరుగురు. "దెయ్యం మోగిస్తే మనమెందుకు లేవాలి, చలి," అన్నారు మిగతావాళ్లు.

మెమ్చాకి మాత్రం నిద్ర పట్టలేదు. ఆమెకి ఒక్కడే కొడుకు, రోమెన్. కిందటేడు వాణ్ణి జీపెక్కిస్తే ఈ ఆడవాళ్లే చక్రాల ముందు పడుకుని దించుకొచ్చారు. జీపు మళ్లీ వస్తుందని ఆమెకి తెలుసు.

ఇల్లిల్లూ తిరిగింది. "స్తంభం మోగినా ఎవరూ రాని రోజు నా కొడుకు పోతాడు. ఇంకొక్కసారి రండి, ఆ దెయ్యం సంగతి తేలుస్తాను," అని బతిమాలింది. ఆ మాటకి ఎవరు కాదంటారు?

నాలుగు రోజులకి... ఠంగ్, ఠంగ్, ఠంగ్.

ఇరవై మూడు కాగడాలూ వెళ్లాయి. మలుపులో ఎప్పటిలాగే ఎవరూ లేరు. తిరుగు నడకలో మెమ్చా అందరికన్నా వెనక నిలబడి, ఒక్కొక్కళ్లనీ ముందుకు పోనిచ్చింది. ఇరవై ఒకటి... ఇరవై రెండు... తనతో ఇరవై మూడు...

ఆమె పక్కనించి, తలనిండా ముసుగు, చేతిలో కాగడా లేని ఆకారం ఒకటి... చప్పుడు లేకుండా దాటింది.

మెమ్చా గుండె ఆగిపోయింది. అయినా ముక్కు ఆగలేదు.

"ఆగండే!" అని అరిచింది. "ఇది ఇబెంహల్ అక్క కాదు. అక్క చచ్చినా తాగదు!"

ముసుగు పట్టుకుని లాగింది. కింద ఒక మీసం బయటపడింది.

"అయ్యో, అది నా శాలువా!" అంది తంఫా కాగడా ఎత్తి. ఇంకో అడుగు ముందుకేసి చూసి, "లోపలున్నది కూడా మావాడే," అంది నీరసంగా.

తంఫా మొగుడు నబచంద్ర. నేల చూపులు చూస్తూ నిలబడ్డాడు.

"చెప్పు," అంది మెమ్చా.

"సారా కాచే ఇంటి నుంచి మా ఇంటికి రెండే దార్లు, ఇమా. ఒక దాన్లో సైన్యం శిబిరం. ఇంకో దాన్లో ఇబెంహల్ ఇమా ఇల్లు. శిబిరం వాళ్లు కొడతారు. ఆవిడైతే... కిటికీలోంచి చూస్తుంది. మీరు కాగడాలతో వస్తే, మీ మధ్యన పడి హాయిగా ఇంటికెళ్లొచ్చని..."

"అందుకని ఇంతమందిని లేపుతావురా?"

"పేరు పెట్టి పిలిస్తే రారు కదా, ఇమా."

అందరూ పడీపడీ నవ్వారు. మెమ్చా నవ్వలేదు. "నీ దెయ్యం భయానికి నా కొడుకుని బలి ఇస్తావా?" అని ఏడ్చేసింది. అప్పుడు నబచంద్ర కూడా ఏడ్చాడు. తాగి ఉన్నాడు కాబట్టి ఆమెకన్నా గట్టిగా ఏడ్చాడు.

మర్నాడు ఏడు సీసాల దండతో ఊరేగింపు జరిగింది. రాయిని మెమ్చా తీసుకెళ్లి తన వంటింట్లో, ఎండు చేపల కుండ పక్కన పెట్టుకుంది. ఇకమీదట స్తంభం మోగించేది తనొక్కతే అని చెప్పింది.

పన్నెండు రోజులు గడిచాయి. పదమూడో రాత్రి...

ఠంగ్. ఠంగ్. ఠంగ్. ఠంగ్. ఠంగ్. ఆగడం లేదు.

"ఆ తాగుబోతే! ఈసారి పద్నాలుగు సీసాలు!" అని బినోదిని కొంగు బిగించింది. వీధి వీధంతా లేచింది. భయంతో కాదు, రెండో ఊరేగింపు మీద ఆశతో. వాడు ఇంట్లో లేడని ముందు తేల్చుకోవడానికి కాగడాలన్నీ తిన్నగా నబచంద్ర గుమ్మం ముందు ఆగాయి.

తంఫా కుంటుతూ బయటికొచ్చింది. "మావాడు ఇంట్లోనే ఉన్నాడే! వాడి కాలికి తాడు కట్టి నా కాలికి కట్టుకున్నాను. చూడండి!" తాడు రెండో కొసన నబచంద్ర గురక పెడుతున్నాడు.

అందరూ మలుపు వైపు తిరిగారు. స్తంభం మోగుతూనే ఉంది.

అప్పుడు చూశారు... మెమ్చా గుమ్మం దగ్గర, దీపాలార్పిన రెండు జీపులు. రోమెన్ ఒక కాలు అప్పటికే జీపులో ఉంది.

ఇక చూడాలి మా ఆడవాళ్లని. అరక్షణంలో జీపుల చుట్టూ మంట. "కాగితం ఏది? వెంట పోలీసు ఏడీ? ఎక్కడికి తీసుకెళ్తున్నారో రాసివ్వండి!" గంటసేపు ఎవరూ కదల్లేదు. చివరికి జీపులు ఖాళీగా వెళ్లాయి. రోమెన్ గుమ్మంలో కూలబడ్డాడు.

సైనికులు బయట గొళ్లెం పెట్టిన గదిలోంచి మెమ్చాని విడిపించారు. కొడుకుని పొదువుకుని ఎంతసేపు ఏడ్చిందో. ఆ తర్వాత బినోదిని మెల్లగా అడిగింది.

"అక్కా... నువ్వు గదిలో ఉంటే... మరి స్తంభం?"

మెమ్చా వంటింట్లోకి వెళ్లి చూసింది. కుండ పక్కన రాయి అలాగే ఉంది.

తిరిగి బయల్దేరేముందు మెమ్చా అలవాటు ప్రకారం లెక్కపెట్టింది. ఇరవై ఒకటి... ఇరవై రెండు... ఇరవై మూడు...

"ఇరవై నాలుగు."

అందరూ గట్టిగా గాలి పీల్చారు. సారా వాసన లేదు.

పొద్దున్నే నబచంద్ర ఇల్లిల్లూ తిరిగాడు, ఛాతీ విరుచుకుని. "ఆవిడ చూస్తుందని చెప్తే విన్నారా? ఏడు సీసాలు మెడలో వేశారు!" అన్నాడు. పాపం, వాడికి క్షమాపణ చెప్పాం.

ఇప్పుడు కాపలా నుంచి తిరిగొచ్చేటప్పుడు లెక్క ఇరవై మూడే తేలితే మా ఆడవాళ్లు ఇళ్లకి బయల్దేరరు. స్తంభం దగ్గర కాసేపు ఆగి, "త్వరగా రా అక్కా, చలిగా ఉంది," అని పిలుస్తారు.