కొంగుకు పెట్టిన మైకు

"గువ్వమ్మా గువ్వమ్మా, గూటికెప్పుడొస్తావు..."

చిన్నప్పుడు నేను ఇలా అడుగుతూ పాడితే, జవాబు మా అక్క పాడేది. ఆ జవాబు నాకు ఎప్పుడో మరుపున పడింది. అడుగుదామంటే అక్క లేదు. ఒకే ఇంట్లో ఉంటున్నాం ఇద్దరం. ఓ సాయంత్రం మందులు తెస్తానని వెళ్ళిన మనిషి తిరిగి రాలేదు.

మర్నాటి నుంచీ పోలీస్ స్టేషన్ చుట్టూ చెప్పులరిగేలా తిరిగాను. అరవై దాటాక నేర్చుకున్న అక్షరాలతో ఫిర్యాదు నేనే రాసుకుపోయాను. అక్కడ ఫిర్యాదులు రాసుకునే రైటర్ దాన్ని అటూ ఇటూ తిప్పి, గుమ్మడికాయలంత రాశావు, కాగితం సరిపోయిందా అని నవ్వాడు. రేపు రమ్మన్నాడు. వెళితే మళ్ళీ రేపు.

పన్నెండో రోజు మధ్యాహ్నం వెళ్ళేసరికి అక్కడ కెమెరా ఉంది. పోలీసుల పని ఉన్నదున్నట్టు డాక్యుమెంటరీ తీస్తున్నారట. మేం లేమనుకుని మీరు మీలాగే ఉండండి అన్నారు నాతో. హెడ్‌ఫోన్లు పెట్టుకున్న సౌండాయన నా కొంగుకు మైకు తగిలించాడు. చింతగింజంత ఉంది. ఇంత చిన్నది నా గోడు వింటుందా అని విస్తుపోయాను.

కెమెరా నావైపు తిరిగితే రైటర్ నోట తేనె కారేది. కూర్చోండమ్మా అని ఫ్యాను కూడా నావైపు తిప్పాడు. కెమెరా పక్కకు పోగానే పెన్నుకు మూత పెట్టేశాడు. మనిషి కోసం రాయవు, బొమ్మ కోసం రాస్తావా నాయనా అని అడిగేశాను.

అంతలో సౌండాయన వంగి, గొంతు తగ్గించి అన్నాడు. "అమ్మా, గాజులతో బల్ల కొట్టకండి."

నా చేతులు ఒళ్ళో ఉన్నాయి. నేను గాజులు వేసుకోను.

ఆయన ఒక్క క్షణం నా చేతులకేసి చూశాడు. హెడ్‌ఫోన్లు తీసి నా చెవులకు పెట్టాడు.

ఫ్యాను గరగర. కాగితాల చప్పుడు. నా ఊపిరి. దాని వెనకాల...

టక్.

కాస్త ఆగి... టక్ టక్.

చెక్క మీద గాజు. తలుపు అలా కొట్టేది మా అక్క ఒక్కతే. బయట ఎండ పేలిపోతోంది. నాకు మాత్రం తడి మట్టి వాసన... తర్వాత, చలికి వణుకుతూ ఒక గొంతు...

"తలుపు తీసి ఉంచమ్మా... తడిసైనా వస్తాను..."

నేను మరిచిపోయిన జవాబు.

నా ముఖం చూసి కెమెరా దగ్గరికొచ్చింది. రైటర్ గబుక్కున పెన్ను మూత తీశాడు. ఇన్నాళ్ళకు రాయడం మొదలైంది. వయసు, చీర రంగు, ఏ వేళకు వెళ్ళింది. అన్నీ చెప్పాను. చెవుల్లో ఇంకా... టక్... టక్ టక్.

"వెళ్ళేటప్పుడు చివరగా ఏమందమ్మా?"

ఎవరికీ చెప్పని మాట అదొక్కటే. అక్క వెళ్ళిన రాత్రి వాన. ఇంతసేపా అని కోపమొచ్చి, గొళ్ళెం పెట్టేసి పడుకున్నాను. నిద్రలో ఏదో చప్పుడు... గాలి అనుకున్నాను.

మైకును పట్టుకున్నాను. తడిగా ఉంది. నీళ్ళు నా మణికట్టు మీదికి కారాయి. అక్క వెళ్తూ అన్న మాట రైటర్‌కు చెప్పేశాను.

"గొళ్ళెం పెట్టకే చెల్లీ," అంది. "ఎంత పొద్దుపోయినా ఇంటికే వస్తా."