ఖాళీ గూటి కాపలా

“ఆ బైనాక్యులర్స్ ఇలా ఇవ్వండి.”

గ్యాలరీ మూడో వరుసలో కూర్చున్న మనిషి ఉలిక్కిపడ్డాడు. ఒళ్లో ఉన్న పొద్దుతిరుగుడు గింజల పొట్లం జారి మెట్ల మీద చెల్లాచెదురైంది.

“ఎందుకండీ?”

“ఎందుకో మీరే చెప్పాలి. నాలుగు రోజుల నుంచి చూస్తున్నాను. మా ప్రాక్టీస్ మొదలవగానే దిగుతారు, అయిపోగానే మాయమవుతారు. మధ్యలో నోట్‌బుక్‌లో ఏదో గీకుతారు. మిమ్మల్ని ఏ క్లబ్ పంపింది?”

“క్లబ్ ఏంటండీ? నేను కొంగ కోసం వచ్చాను.”

అతను గోల్‌పోస్ట్ వెనకున్న ఫ్లడ్‌లైట్ స్తంభం మీదికి వేలు చూపించాడు. పైన ఇనప చట్రంలో పుల్లల గూడు ఉంది. గూట్లో మాత్రం ఏమీ లేదు.

“కొంగ ఏది?”

“ఇంకా రాలేదు.”

అమ్మాయిల ఫుట్‌బాల్ జట్టు కోచ్ జోర్నిత్సా చేతులు కట్టుకుని అతన్ని ఎగాదిగా చూసింది. పద్నాలుగేళ్లు గోల్‌కీపర్‌గా ఆడిన మనిషి, అందులో ఆరేళ్లు బల్గేరియా జట్టుకి. పెనాల్టీ కొట్టేవాళ్ల కళ్లు ఒకవైపు చూస్తే బంతి ఇంకోవైపు పోతుందని ఆమెకి తెలుసు. కళ్లు, భుజాలు, నడుము అన్నీ అబద్ధమాడతాయి. ఆడనిదొక్కటే, బంతి పక్కన ఆన్చిన కాలు. అది ఎటు తిరిగితే బంతి అటే. ఇన్ని అబద్ధాలు చూసింది కానీ, ఇంత బద్ధకంగా అల్లిన అబద్ధం ఇదే మొదటిసారి.

“రాని కొంగని బైనాక్యులర్స్‌తో చూస్తున్నారా?”

“వచ్చినప్పుడు చూడాలి కదండీ. నా పేరు ల్యూబెన్ దోచెవ్. కరెంటాఫీసులో లైన్‌మన్‌ని. ఈ చలికాలం పాత స్తంభం తీసేస్తుంటే గూడు దీని మీదికి నేనే మార్చాను. కొత్త చోటు వాటికి నచ్చుతుందో లేదో అని...” అతని చూపు ఆమె మణికట్టు మీద ఆగింది. మార్చి ఒకటిన కట్టుకున్న ఎరుపు తెలుపు దారం ఇంకా అక్కడే ఉంది. “మీరూ ఎదురుచూస్తున్నట్టున్నారే!”

“ఊళ్లో అందరూ కట్టుకుంటారు. కొంగ కనబడ్డ రోజు తీసేస్తారు. దాన్ని పట్టుకుని నాతో మాటలు కలపకండి,” అని ఆమె వెనక్కి తిరిగింది.

రెండడుగులు వేసి మళ్లీ ఆగింది. “ఆ గింజల పొట్టు ఎత్తేసి వెళ్లండి.”

*

అనుమానించడానికి ఆమెకి కారణం ఉంది. స్విష్తోవ్ అమ్మాయిల జట్టు ఆ ఏడు లీగ్‌లో అట్టడుగుకి జారింది. ఆఖరి మ్యాచ్ లోమ్ జట్టుతో. కనీసం డ్రా చేసుకోవాలి. ఓడితే కింది లీగ్‌కి పోవాల్సిందే. పోతే జట్టే ఎత్తేస్తామని క్లబ్ ప్రెసిడెంట్ మొహం మీదే చెప్పేశాడు. మోకాలు పాడై ఆట మానేశాక జోర్నిత్సాకి మిగిలింది ఈ జట్టూ, ఇందులోని పద్దెనిమిది మంది అమ్మాయిలే. మోకాలికి ఆపరేషన్ జరిగిన రోజు పూలు పట్టుకుని వస్తానన్న ఒక మనిషి ఈనాటికీ రాలేదు. అప్పటినుంచి వస్తాననే వాళ్లన్నా, ఎదురుచూస్తున్నాననే వాళ్లన్నా ఆమెకి ఒళ్లు మంట.

మర్నాడు వాన. అమ్మాయిలు డ్రెస్సింగ్ రూమ్‌లోకి పరిగెత్తారు. ల్యూబెన్ గొడుగు కింద అక్కడే కూర్చున్నాడు. వానలో కూడా కదలని గూఢచారి అంటే మామూలోడు కాదనుకుంటూ ఆమె మెట్లెక్కింది.

“బానిత్సా తింటారా? వేడిగా ఉంది. మా వీధి బేకరీది.”

“ఇందులో మత్తుమందు కలిపారా?”

“చీజ్ కలిపారండీ.”

నవ్వొచ్చింది. నవ్వకుండా ఆ పొరల రొట్టె ఒక ముక్క తీసుకుంది. గొడుగు చిన్నది. అతని కుడి భుజం పూర్తిగా తడిసిపోతోంది, ఆమె మీద చుక్క కూడా పడడం లేదు. ఇది కూడా ఏదో ఎత్తే అయ్యుంటుందని ఆమె గట్టిగా అనుకుంది.

“మీకు ఎడమ మోకాలు నొప్పి కదూ? వాన వచ్చే ముందు కుంటుతారు.”

“చూశారా! దొరికిపోయారు! మీరు చూసేది కొంగని కాదు.”

“కొంగ వచ్చేదాకా ఎవర్నో ఒకర్ని చూడాలి కదండీ.”

జోర్నిత్సా చెవులు ఎర్రబడ్డాయి. చలి వల్లేనని సర్దిచెప్పుకుంది. ఆ తర్వాత వారం రోజులు ఏదో ఒక వంకతో మెట్లెక్కుతూనే ఉంది. నిఘా పెట్టానని జట్టుకి చెప్పింది. అమ్మాయిలు మొహాలు అటు తిప్పుకుని నవ్వుకున్నారు.

*

మ్యాచ్‌కి నాలుగు రోజుల ముందు లోమ్ జట్టు జాబితా వచ్చింది. జెర్సీలు ఉతికే స్తాంకా పిన్ని టీ కప్పులు పెడుతూ జోర్నిత్సా భుజం మీంచి తొంగిచూసింది.

“తొమ్మిదో నంబరు రదోస్తినా దోచెవా. ఓహో, మన ల్యూబెన్ చెల్లెలేగా!”

జోర్నిత్సా చేతిలో కప్పు ఆగిపోయింది. “ఎవరి చెల్లెలు?”

“నీ కొంగలబ్బాయి చెల్లెలే. పెళ్లయ్యాక లోమ్ వెళ్లిపోయింది. పెనాల్టీలన్నీ అదే కొడుతుందట. నీకు చెప్పలేదా?”

చెప్పలేదు. బానిత్సా పెట్టాడు, గొడుగు పట్టాడు, కొంగల ముచ్చట్లన్నీ చెప్పాడు. ఈ ఒక్కటీ చెప్పలేదు. కోపం కంటే ముందు ఏడుపు రావడం చూసి తన మీద తనకే ఒళ్లు మండిపోయింది.

సరే, అతని సంగతి తేల్చేయాలి. ఆ సాయంత్రం వెళ్లి పక్కనే కూర్చుంది.

“పెద్ద చిక్కొచ్చి పడింది ల్యూబెన్ గారూ. మా గోల్‌కీపర్ దెయానాకి ఎడమ భుజం పట్టేసింది. ఎడమవైపుకి దూకలేదు. అటు ఎవరు కొట్టినా గోలే.”

అంతా కట్టుకథ. దెయానా భుజానికి ఏమీ కాలేదు. ల్యూబెన్ గింజలు నమలడం ఆపేశాడు.

“ఇది నాకెందుకు చెబుతున్నారు?”

“ఊరికే. మనసులో పెట్టుకోలేక.”

అతను బైనాక్యులర్స్ తీసి ఖాళీ గూడు వైపు తిప్పుకున్నాడు.

*

ఆదివారం గ్యాలరీ నిండింది. మొదటి సగంలోనే స్విష్తోవ్ ఒక గోల్ కొట్టింది. ఇంకో పావుగంట ఉందనగా లోమ్‌కి పెనాల్టీ వచ్చింది. తొమ్మిదో నంబరు బంతి సర్దుకుంటోంది.

దెయానా గోల్ ముందు నిలబడి కోచ్ వైపు చూసింది. జోర్నిత్సా మూడో వరుస వైపు చూసింది. ల్యూబెన్ అక్కడే ఉన్నాడు, మోకాళ్ల మీద మోచేతులు ఆన్చి. ఇతను చెప్పే ఉంటాడు. చెల్లెలు కాదా మరి? ఆ పిల్ల తప్పకుండా దెయానా ఎడమవైపే కొడుతుంది. జోర్నిత్సా తన ఎడమ చెవి పట్టుకుంది. ఎడమకి దూకు అని దానర్థం.

దెయానా ఎడమకి దూకింది. బంతి కుడివైపు మూలన వలలో పడింది.

లోమ్ వాళ్లు ఎగిరి గంతులేశారు. స్విష్తోవ్ గ్యాలరీ ఉసూరుమంది. జోర్నిత్సా మాత్రం నవ్వింది. ఆపుకుందామన్నా ఆగలేదు. అతను చెప్పలేదు! గోల్ పడినందుకు సంబరపడిన కోచ్ ఈ భూమ్మీద తనొక్కతే అయ్యుంటుంది.

“అక్కా, నవ్వుతావేంటి?” దెయానా దాదాపు ఏడుస్తూ లైన్ దగ్గరికి పరిగెత్తుకొచ్చింది. “ఆన్చిన కాలు కుడికే తిరిగింది. నేను చూశాను! నువ్వు ఎడమ అన్నావని...”

నవ్వు చప్పున చల్లారింది. అవును, ఆ గోల్ పడింది తన అనుమానం వల్లే. ఇంకోటి పడితే జట్టే ఉండదు.

“ఇక నా వైపు చూడకు దెయానా. నీకేం కనబడితే దానికే దూకు.”

ఆఖరి నిమిషంలో రదోస్తినా ఒంటరిగా దూసుకొచ్చింది. దెయానా కోచ్‌ని చూడలేదు. కాలు చూసింది, దూకింది, రెండు చేతుల్తో బంతిని గుండెకి హత్తుకుంది. విజిల్ మోగింది. డ్రా! స్తాంకా పిన్ని ఉతికిన జెర్సీలన్నీ గాల్లోకి విసిరేసింది.

*

జనం తగ్గాక జోర్నిత్సా మెట్లెక్కింది.

“మీ చెల్లెలు మా జట్టు సంగతులేమీ అడగలేదా?”

“అడిగింది. కొంగ ఇంకా రాలేదని చెప్పాను. మూడు రోజులుగా నాతో మాటల్లేవు.”

“దెయానా భుజానికి ఏమీ కాలేదు.”

“తెలుసు. మర్నాడే ఎడమవైపుకి నాలుగు సార్లు దూకింది. నాకు కళ్లున్నాయి కదండీ.”

“మీరు చెప్పేస్తారనుకున్నాను. అందుకే దెయానాని ఎడమకి పంపాను. ఆ గోల్ తప్పు నాది. నన్ను క్షమించండి.”

అతను బాధపడ్డాడని మొహం చెబుతూనే ఉంది. జోర్నిత్సా అలవాటుగా అతని కాళ్ల వైపు చూసింది. బురద బూట్లు రెండూ ఆమె వైపే తిరిగి ఉన్నాయి.

“నా తప్పూ ఉంది,” అన్నాడు. “రదోస్తినా సంగతి మొదటి రోజే చెప్పాల్సింది. చెబితే మీరు నన్ను మళ్లీ గ్రౌండ్‌లోకి రానివ్వరని భయమేసింది. కొంగ కోసం అయితే వీధిలోంచి కూడా చూడొచ్చు. మిమ్మల్ని చూడాలంటే మాత్రం ఈ వరుసలోనే కూర్చోవాలి. నాకు మీరంటే చాలా ఇష్టం.”

ఆమె చూపు పైకి మళ్లింది. అతని తల వెనక, స్తంభం మీద, పెద్ద తెల్లటి రెక్కలు ముడుచుకుంటున్నాయి. ఎర్రటి ముక్కు పైకెత్తి కొంగ టకటకలాడించింది.

ల్యూబెన్ గిరుక్కున తిరిగాడు. “వచ్చేసిందా? ఎప్పుడు? పన్నెండేళ్లుగా అది దిగిన టైము రాసుకుంటున్నాను, ఒక్కసారి కూడా తప్పిపోలేదు! ఇప్పుడు ఏం రాయను? నేను చూడనే లేదే!”

“నేను చూశాను. సరిగ్గా అయిదుంపావుకి దిగింది.” జోర్నిత్సా కళ్లలో నీళ్లూ నవ్వూ కలిసిపోయాయి. “నా మాట నమ్ముతారా?”

అతను నోట్‌బుక్ తెరిచి రాశాడు. అయిదుంపావు. చూసినవారు, జోర్నిత్సా.

ఆమె మణికట్టు దారం లాగింది. అయిదు వారాల చెమటకీ వానకీ ముడి బిగుసుకుపోయింది. కాసేపు తంటాలు పడి, ఆ చెయ్యి అతని ముందుకి చాపింది.

“మీరే విప్పండి.”