మాస్టారికి షేక్‌హ్యాండ్

"మీ మాస్టారు బతికే ఉన్నారమ్మా," అన్నాడు చీఫ్.

ప్రొఫెసరమ్మ చేతిలోని కప్పు పక్కన పెట్టేసింది. అది డ్రైక్లీనింగ్ షాపు వెనకగది. వేలాడే కోట్ల మధ్య ఇస్త్రీ ఆవిరి కమ్ముకుని ఉంది.

చైనా రాజకీయాల మీద ఆమె పరిశోధన మొదలుపెట్టినప్పుడు, అక్కడి కమ్యూనిస్టు పార్టీ స్కూల్లో పాఠాలు చెప్పే ఆ పెద్దాయనే ఆమెకు దారి చూపించాడు. చిన్న చిన్న ఉద్యోగులతో మాట్లాడించాడు. ఒకరోజు ఆయన మాయమయ్యాడు. ఆమెకు వీసా ఆగిపోయింది. ఆ ఇంటర్వ్యూలు అచ్చేస్తే ఎంతమంది మెడకు చుట్టుకుంటాయోనని ఆమె పుస్తకమే రాయలేదు. పుస్తకం లేదు గనక ప్రమోషన్ లేదు. ఆమె దగ్గర చదివినవాళ్లే ఆమెకు పైఅధికారులై కూర్చున్నారు. మాస్టారి ఆచూకీ దొరుకుతుందన్న ఒక్క ఆశతో చీఫ్ నడిపే గూఢచారి విభాగంలో ఏజెంటుగా చేరింది.

"మీ యూనివర్సిటీ సెమినార్‌కి మధ్యాహ్నం దొంగపేరుతో వస్తున్నారు. ఒక విదేశీ ముఠా ఆయన్ని చంపడానికి కాచుకునుంది. ఆయన ముఖం వాళ్లకీ తెలీదు, మాకూ తెలీదు. మీకొక్కరికే తెలుసు."

"గుర్తుపట్టాక?"

"'స్కార్ఫ్' అని ఒకావిడ ఉంటుంది. ఆవిడకి 'ఫుట్‌నోట్' అని రహస్య సంకేతం చెప్పి ఆయన్ని చూపించండి. ముఠాలో ఉన్న మన మనిషి ఆవిడ."

"మరి మీరు?"

"హాల్లోనే. పెట్టుడు తెల్లగడ్డం, చెవిమిషన్, మూడో వరస. ఆవిడకి నా గొంతే తెలుసు."

సెమినార్ హాలు బయట వరండాలో స్కార్ఫ్ ఎదురొచ్చింది. మెడలో ఎర్ర సిల్కు, ఘుమఘుమలాడే సెంటు. చూపు తిప్పుకోలేని అందం.

"అక్కా, ప్రమోషన్ ఫైలు మళ్లీ వెనక్కొచ్చిందటగా?" అంటూ చెయ్యి పట్టుకుంది. "వీసా, ఆర్కైవ్స్, పుస్తకం... అన్నీ మావాళ్లు చూసుకుంటారు. మీరు మాస్టారికి షేక్‌హ్యాండ్ ఇస్తే చాలు."

మావాళ్లు! అంటే ఈవిడ నిజంగానే ముఠా మనిషి. ప్రొఫెసరమ్మ చెయ్యి చీర బ్రోచ్‌లో దాచిన ట్రాన్స్‌మిటర్ మీదికి పోయింది.

"పనిచెయ్యదక్కా." స్కార్ఫ్ లిప్‌స్టిక్ ఎత్తి చూపించింది. సిగ్నల్ ఆపే జామర్. "అరిచారో, లోపలున్న ముసలాళ్లలో ఒక్కడూ మిగలడు."

సిగ్గుపడాల్సిన మాటే గానీ, ఒక్క క్షణం ఆమె మనసు ఆ ఆర్కైవ్ గదుల్లోకి వెళ్లొచ్చింది. తర్వాత లోపలికి నడిచింది.

ముందు వరసలోనే ఉన్నాడాయన. బుగ్గలు పీక్కుపోయి, సగమైపోయి ఉన్నాడు. ఆమెను చూడగానే ముఖం విచ్చుకుంది. లేవబోతున్నాడు. స్కార్ఫ్ వెనకే ఉంది.

"కూర్చోండి!" ప్రొఫెసరమ్మ గొంతు చించుకుంది. "మీ పేపరు చదివాను. ఒక్క ముక్కకీ ఆధారం లేదు. సిగ్గులేకుండా మళ్లీ మాట్లాడతారా?"

హాలంతా బిత్తరపోయింది. పెద్దాయన ఒక్కసారి కళ్లు చికిలించాడు. ఇంటర్వ్యూల మధ్య బయటివాళ్లు వస్తే, అనుమానం రాకుండా ఆయనా ఆమెను ఇలాగే కసిరేవాడు. తలొంచుకుని కూర్చున్నాడు.

ఆమె మూడో వరసకు పరుగెత్తి తెల్లగడ్డం రెండు చేతులూ పట్టుకుంది. "మాస్టారూ! ఇన్నాళ్లకి..." ఏడుపు మాత్రం నటన కాదు.

స్కార్ఫ్ నవ్వుతూ వచ్చి తెల్లగడ్డాన్ని కౌగిలించుకుంది. ఆమె పెన్నులో దాచిన విషపు సూది ఆయన చొక్కా కింది ఉక్కు జాకెట్‌కి తగిలి వంగిపోయింది.

"ఫోన్లో కన్నా ఎదురుగా బావున్నావమ్మాయ్," అన్నాడు చీఫ్, ఆమె మణికట్టు మెలితిప్పుతూ.

ఆ గొంతు స్కార్ఫ్‌కి బాగా తెలిసిందే. తలుపులు మూసుకున్నాయి. ముఠావాళ్లు తుపాకులు తీసేలోపే చీఫ్ మనుషులు వాళ్ల మీద పడ్డారు.

మాస్టారిని వెనకదారిన కారెక్కించారు. ఆయన ఆమె తల మీద చెయ్యి వేశాడు. ఆయన ఎక్కడుంటాడో ఆమెకూ చెప్పరు. ఇక ఈ జన్మకు వీసా రాదు. పుస్తకమూ రాదు. కారు మలుపు తిరిగేదాకా ఆమె అక్కడే నిలబడిపోయింది.

మర్నాడు డీన్ పిలిపించాడు.

"నిండు సభలో పెద్దమనిషిని అంతంత మాటలంటారా? ఈసారి కూడా ప్రమోషన్ లేదండీ." కళ్లద్దాలు తుడుచుకుంటూ అన్నాడు. "అదీగాక, మీకు ఫీల్డ్‌వర్క్ బొత్తిగా చాలదట."